లేని సినిమాకు ట్రైలర్: పాతకాలపు దయ్యం సినిమాలకు రెండు నిమిషాల నివాళి

ఎన్నటికీ విడుదల కాని సినిమాకు తీసే ట్రైలర్ ఒక ప్రత్యేకమైన షార్ట్ ఫిలిం. 1950ల నుంచి 1980ల దాకా చౌకగా తీసిన దయ్యం సినిమాల ప్రచారం ఎలా ఉండేదో, ఇదీ అదే తీరులో, అవే గొంతులతో, అవే కేకలతో నడుస్తుంది. నిడివి రెండు నిమిషాలు, మహా అయితే మూడు. ఒక పాత బంగళా, కిర్రుమనే తలుపు, గోడ మీద ఆడమనిషి నీడ, తెర మీదికి దూసుకొచ్చే పెద్ద అక్షరాలు, వాటి వెనక ఊరంతటినీ హెచ్చరిస్తున్నట్టున్న మగ గొంతు. సినిమా లేదని తీసినవాళ్ళకు తెలుసు, చూసేవాళ్ళకూ తెలుసు. ఆ సంగతి ఇద్దరికీ తెలిసి ఉండడమే ఇందులోని సరదా.

సినిమా తీయాలని కోరిక ఉండి మొదటి మెట్టు దగ్గరే ఆగిపోయేవాళ్ళకు ఈ రూపం బాగా పనికొస్తుంది. ఇరవై నిమిషాల షార్ట్ ఫిలిం మొదలుపెట్టి మధ్యలో వదిలేసినవాళ్ళు ప్రతి కాలేజీలోనూ ఉంటారు. కథకు ముగింపు కుదరదు, వేషం వేసినవాడు రెండో ఆదివారం రాడు, డబ్బింగ్ దగ్గరికొచ్చేసరికి ఓపిక అయిపోతుంది. ట్రైలర్‌కు ముగింపు అక్కర్లేదు, ఎవరూ రెండో ఆదివారం రానక్కర్లేదు. నటన కాస్త ఎక్కువైనా ఆ కాలానికి సరిపోతుంది. చిక్కల్లా ఒక్కటే. పాత సినిమా ఎందుకు అలా ఉండేదో తెలియకుండా దాని పైపై గుర్తుల్ని మాత్రం కాపీ కొడితే నివాళి కాస్తా వెక్కిరింత అవుతుంది. అందుకే ముందు ఆ కారణాలు, ఆ తర్వాతే కెమెరా.

డబ్బు లేకపోవడం నుంచి పుట్టిన శైలి

పాత ట్రైలర్‌లో ఈరోజు వింతగా కనిపించే ప్రతిదాని వెనకా ఏదో ఒక లోటు ఉంది. అమెరికాలో విలియం కాజిల్ అనే నిర్మాత దగ్గర పెద్ద తారలు లేరు, పెద్ద సెట్లు లేవు. అందుకని ప్రచారాన్నే వేడుకగా మార్చాడు. 1958లో 'మకాబ్ర' చూస్తూ భయంతో చనిపోతే వెయ్యి డాలర్లు ఇస్తామని ప్రేక్షకులకు బీమా పత్రాలు పంచాడు. 1959లో 'హౌస్ ఆన్ హాంటెడ్ హిల్' ఆడుతుంటే హాల్లో జనం తలల మీదుగా తీగకు కట్టిన అస్థిపంజరాన్ని నడిపించాడు. ట్రైలర్‌లో గుండె జబ్బు ఉన్నవాళ్ళకు హెచ్చరికలు, సవాళ్ళు, ప్రశ్నలు అంతంత బిగ్గరగా వినిపించడానికి కారణం చూపించడానికి అంతకుమించి పెద్దగా ఏమీ లేకపోవడమే.

రోజర్ కోర్మన్ నడిపిన న్యూ వరల్డ్ పిక్చర్స్‌లో 1970లలో ట్రైలర్లు కోసే పని జో డాంటే, అలన్ ఆర్కుష్ చేసేవారు. సినిమాలో సరైన దృశ్యం దొరక్కపోతే మరో సినిమాలోని పేలిపోయే హెలికాప్టర్ షాట్ తెచ్చి అతికించేవారు. అసలు సినిమాలో హెలికాప్టరే ఉండేది కాదు. ఆ ఇద్దరే 1976లో పాత సినిమాల తుక్కు షాట్లు కలుపుకొని 'హాలీవుడ్ బూలెవార్డ్' అనే పూర్తి నిడివి చిత్రాన్ని పది రోజుల్లో తీశారు. ట్రైలర్ల గదిలో కూర్చున్నవాడికి ఏ షాట్ ఎంతసేపు నిలుస్తుందో తెలిసిపోతుంది. దర్శకత్వం నేర్చుకోవడానికి అంతకన్నా చవకైన బడి లేదు.

మన దేశంలో రామ్సే సోదరులు 1972లో 'దో గజ్ జమీన్ కే నీచే'తో మొదలుపెట్టి కుటుంబాన్నే యూనిట్‌గా మార్చుకున్నారు. ఒక అన్నది కెమెరా, ఇంకొకరిది సౌండ్, ఇద్దరిది దర్శకత్వం. తెలుగులో ఆ పొదుపు బి. విఠలాచార్యది. ఉడుపి ప్రాంతంలో పుట్టి, తెలుగులో జానపద చిత్రాలకు మారుపేరైన ఆయన సెట్టు వృథా కానిచ్చేవారు కాదు, షెడ్యూలు దాటనిచ్చేవారు కాదు. హీరో డేట్ల దగ్గర పేచీ పెడితే ఆ పాత్రను చిలకగానో మేకగానో మార్చి షూటింగ్ కానిచ్చేవారని సినిమావాళ్ళు ఇప్పటికీ చెప్పుకుంటారు. నిజమెంతో గాని, ఆ కథ ఆయన పద్ధతిని సరిగ్గానే పట్టిస్తుంది. 1978లో వచ్చిన 'జగన్మోహిని'లో దయ్యం పొయ్యిలో కట్టెలకు బదులు తన కాళ్ళే పెట్టి వంట చేస్తుంది. దానికి కావలసింది ఒక పొయ్యి, ఒక జత తయారు కాళ్ళు, కెమెరా ఎక్కడ ఉండాలో తెలిసిన మనిషి. నలభై ఏళ్ళు దాటినా ఆ దృశ్యం చూసినవాళ్ళెవరూ దాన్ని మరిచిపోలేదు. తమిళనాడులోనూ ఆ సినిమా బాగా ఆడింది. 2009లో అక్కడ దాన్ని అదే పేరుతో మళ్ళీ తీశారంటే ఎంతగా నాటుకుందో తెలుస్తుంది.

నకిలీ ట్రైలర్‌కు ప్రపంచమంతటా పేరు తెచ్చింది 2007లో క్వెంటిన్ టారంటినో, రాబర్ట్ రోడ్రిగెజ్ కలిసి తెచ్చిన 'గ్రైండ్‌హౌస్'. రెండు సినిమాల మధ్య లేని సినిమాల ట్రైలర్లు వేశారు. వాటిలో ఎడ్గర్ రైట్ తీసిన 'డోంట్' నేర్చుకునేవాళ్ళకు మంచి పాఠం. అందులో పాత్రలు నోరు విప్పవు. పాత రోజుల్లో బ్రిటిష్ దయ్యం సినిమాలను అమెరికాలో అమ్మేటప్పుడు, యాస వింటే జనం రారేమోనని ట్రైలర్‌లో మాటలన్నీ తీసేసేవారు. రైట్ గీతలనూ మరకలనూ కాక ఆ వ్యాపారపు భయాన్ని పట్టుకున్నాడు. నవ్వు అక్కడి నుంచే వచ్చింది. దక్షిణాది చౌక సినిమాకు ఇలాంటి నివాళి అంతకుముందే వచ్చింది. 1990లలో చానెల్ వి ప్రసారం చేసిన 'క్విక్ గన్ మురుగన్' చిన్న తునకలు మద్రాసు కౌబాయ్ సినిమాల మీద తీసినవే. 2009లో అది పూర్తి సినిమా అయినప్పుడు మురుగన్‌గా వేసింది మన రాజేంద్రప్రసాద్.

కోయంబత్తూరు, మదురై ఇచ్చే సరుకు

ఈ పని నేర్చుకోవడానికి కోయంబత్తూరు, మదురై ప్రాంతాల తెలుగు కుటుంబాలకు ఉన్న వనరులు హైదరాబాదులో కూడా దొరకవు. విజయనగర కాలం నుంచీ, మదురై నాయక రాజుల కాలం నుంచీ అక్కడ స్థిరపడిన నాయుళ్ళు, రెడ్లు, దేవాంగులు, కంబళ నాయకర్లు, అరుంధతీయులు చాలామంది ఇప్పటికీ ఇళ్ళలో తెలుగే మాట్లాడతారు. 2011 జనగణన ప్రకారం తమిళనాడులో తెలుగు మాతృభాషగా చెప్పుకున్నవారు 42 లక్షలకు పైగా ఉన్నారు.

సినిమా ఈ ఊళ్ళకు పరాయిది కాదు. కోయంబత్తూరుకు చెందిన సామికన్ను విన్సెంట్ 1905లో ఒక ఫ్రెంచివాడి దగ్గర ప్రొజెక్టర్ కొని ఊరూరా తిరిగి బొమ్మలు చూపించాడు. 1914లో అదే ఊళ్ళో వెరైటీ హాల్ కట్టాడు. ఆ పేరుతో అక్కడ వీధి ఇప్పటికీ ఉంది. 1930లలో సెంట్రల్ స్టూడియోస్, 1945లో ఎస్.ఎం. శ్రీరాములు నాయుడి పక్షిరాజా స్టూడియోస్ వచ్చాయి. నాయుడు 1954లో 'మలైక్కళ్ళన్' తీసి, అదే కథను తెలుగులో ఎన్.టి. రామారావు, భానుమతితో 'అగ్గిరాముడు'గా, హిందీలో దిలీప్ కుమార్‌తో 'ఆజాద్'గా, ఇంకా మలయాళ, కన్నడ భాషల్లోనూ తీశాడు. ఒక్క కథను అన్ని భాషల్లో అన్నిసార్లు తిప్పడంలోని పొదుపు గమనించదగ్గది. కలంగల్ గ్రామంలో పుట్టిన జి.డి. నాయుడు యంత్రాల మనిషి. సినిమా కెమెరా ఆయనకు సరదా మాత్రమే. అయినా 1936లో లండన్‌లో ఐదో జార్జి అంత్యక్రియలను సొంత కెమెరాతో చిత్రించుకొచ్చారు. స్టూడియో లేకుండా కెమెరా పట్టుకోవడం ఆ ఊరికి కొత్త కాదు.

మదురైది మరో కథ. అక్కడ సినిమా చూడడమే పండగ. 1952లో 'పరాశక్తి'తో తెరిచిన తంగం థియేటర్‌లో 2,563 సీట్లు ఉండేవి. ఆసియాలోనే పెద్దదని చెప్పుకునేవారు. రైల్వే స్టేషన్ దగ్గరి విక్టోరియా ఎడ్వర్డ్ హాల్‌లో రీగల్ టాకీస్ పేరుతో ఇంగ్లీషు సినిమాలు ఆడేవి. తంగం ఇప్పుడు లేదు. అక్కడ సినిమాలు చూసినవాళ్ళు మాత్రం ఇళ్ళలో ఉన్నారు. నివాళి ట్రైలర్ తీయబోయేవాళ్ళు మొదట చేయవలసింది వాళ్ళను కూర్చోబెట్టి అడగడం. ఏ దయ్యం సినిమా చూశారు, ఏ సీనుకు కళ్ళు మూసుకున్నారు, వీధిలో మైకు కట్టుకొని వచ్చిన బండివాడు ఏమని అరిచేవాడు, నోటీసు కాగితం ఏ రంగు, ఇంటర్వెల్‌లో ఏం తినేవారు. అడిగేటప్పుడే ఫోన్‌లో గొంతు రికార్డు చేసుకోవాలి. స్క్రిప్టులో సగం అక్కడే దొరుకుతుంది.

కథ ఎంచుకోవడం

ట్రైలర్‌కు కథ మొత్తం అక్కర్లేకపోయినా, ఒక్క వాక్యంలో చెప్పగలిగే భయం కావాలి. అరువు తెచ్చుకున్న భయం ఎప్పుడూ పలచగానే ఉంటుంది. రక్తపిశాచిని పొల్లాచ్చి కొబ్బరితోటలోకి దింపితే అది నవ్వుకే పనికొస్తుంది.

మదురై దగ్గరి అళగర్ కోయిల్‌లో పదునెట్టాంపడి కరుప్పస్వామి సన్నిధి కథ చూడండి. మలయాళ దేశం నుంచి పద్దెనిమిది మంది మంత్రగాళ్ళు గుడిని దోచడానికి వచ్చారు. కళ్ళకు అంజనం పూసుకొని ఎవరికీ కనిపించకుండా లోపలికి చేరారు. అర్చకుడికి అనుమానం వచ్చింది. తలుపులు మూయించి పొగ పెట్టించాడని కొందరు, వేడి అన్నం ఆవిరి పట్టించాడని కొందరు చెబుతారు. కళ్ళ నీళ్ళకు అంజనం కరిగి దొంగలు దొరికిపోయారు. వాళ్ళను పద్దెనిమిది మెట్ల కింద పాతారు, కాపలాగా కరుప్పన్ నిలిచాడు. అక్కడ పూజ అందుకునేది మూసిన తలుపులే. కనిపించని దొంగలు, ఆవిరి, కన్నీళ్ళు, మెట్లు, మూసిన తలుపు. పాత ట్రైలర్ తీసేవాడు కోరుకునేవన్నీ ఉన్నాయి. ఖర్చు కూడా లేదు: కనిపించని మనిషికి నటుడే అవసరం లేదు, విస్తరిలో అన్నం దానంతట అదే తరిగిపోతే చాలు.

ఇక్కడ ఒక హద్దు పాటించాలి. భయపెట్టేవాళ్ళుగా దొంగలనే చూపాలి. దేవుణ్ణి దయ్యంగా చూపకూడదు. కోయంబత్తూరు దేవాంగుల చౌడేశ్వరి ఉత్సవంలో జరిగే కత్తి సేవను గానీ, జక్కమ్మ దేవత పేరు చెప్పి వేకువజామున డమరుకం వాయిస్తూ సోది చెప్పేవాళ్ళను గానీ క్షుద్రపూజలుగా వాడుకోవడం పాత చౌక సినిమాలు చేసిన తప్పుల్లో ఒకటి. నివాళి అంటే ఆ తప్పులకు కూడా దండం పెట్టడం కాదు. కులం, వృత్తి, నల్లటి మేనిరంగు, అంగవైకల్యం చూపి భయపెట్టే అలవాటును కూడా పాతకాలంలోనే వదిలేయాలి.

వలస కథల్లో మరో రకం సరుకు ఉంది. కంబళ నాయకర్ల కథ ఒకటుంది: శత్రువులు తరుముకొస్తుంటే పారిపోతున్నవాళ్ళకు పొంగే ఏరు అడ్డం వస్తుంది. రెండు ఒడ్డుల మీది కానుగ చెట్లు వంగి వంతెన కడతాయి. దక్షిణాది కులాలు, తెగల మీద ఎడ్గర్ థర్‌స్టన్ 1909లో ప్రచురించిన సంపుటాల్లో కూడా ఇది ఎక్కింది. తెలుగు ఇంట పుట్టి తమిళ రచయిత అయిన కి. రాజనారాయణన్ 'గోపల్ల గ్రామం' నవలంతా అలాంటి వలస జ్ఞాపకం మీదే నిలిచింది. చీకట్లో ఏరు, వెనక దివిటీలు, వంగుతున్న చెట్టు కొమ్మ: మూడే షాట్లు. కోయంబత్తూరు వైపు పొలాల్లోని బావి కూడా తక్కువది కాదు. రాతిని తొలిచి దించిన లోతైన బావులవి, ఒకప్పుడు కపిలె తోలినవి. పక్కన మోటారు గది. రాత్రిపూట ఎవరూ వేయకుండా మోటారు దానంతట అదే తిరగడం మొదలైతే, కరెంటు కోతలు చూసిన ఆ పల్లెల్లో ఎవరికీ వేరే దయ్యం అక్కర్లేదు.

గొంతు, రాత

ట్రైలర్‌ను ముందు చెవికి రాయాలి, కంటికి తర్వాత. 1967లో వివిధ భారతిలో వాణిజ్య ప్రసారాలు మొదలయ్యాక సినిమాల ప్రచారం రేడియోలోనూ సాగింది. బొమ్మ లేకుండా ఒక కేకతో, ఒక తలుపు చప్పుడుతో, వ్యాఖ్యాత గొంతుతో జనాన్ని థియేటర్‌కు రప్పించేవారు. స్క్రిప్టు పూర్తయ్యాక దాన్ని కళ్ళు మూసుకొని వినాలి. భయం వేయకపోతే తీయడం దండగ.

పాత వ్యాఖ్యాత మూడే పనులు చేస్తాడు: ప్రశ్నిస్తాడు, హెచ్చరిస్తాడు, పేరు చెబుతాడు. వివరించడు. పద్దెనిమిది మెట్ల కథకు ఇలా ఉండవచ్చు: "పద్దెనిమిది మంది వచ్చినారు. ఒక్కడూ కనపడలేదు. ఒక్కడూ తిరిగి పోలేదు. ఆ మెట్టు కింద ఎవరుండారు?" ఇది పుస్తకాల తెలుగు కాదు, ఆ ఇళ్ళలో మాట్లాడే తెలుగు. తమిళ మాటలు కలిసినా దిద్దకూడదు. దిద్దితే విజయవాడ అనౌన్సర్ కోయంబత్తూరు బావిలో పడినట్టు వినిపిస్తుంది. చెప్పేది అవ్వ అయితే ఇంకా మంచిది. బిగ్గరగా అరిచే మగ గొంతు ఉండాల్సిన చోట, రాత్రిపూట మనవలకు చెప్పినట్టు తగ్గు స్థాయిలో ఒక ముసలి గొంతు వినిపిస్తే హాల్లో నవ్వు ఆగిపోతుంది.

తెర మీది అక్షరాల సంగతి వేరు. ఆ కుటుంబాల్లో చదువంతా తమిళంలోనే సాగడం వల్ల తెలుగు మాట్లాడేవాళ్ళలో చాలామందికి తెలుగు లిపి రాదు. 2006లో వచ్చిన తమిళ అభ్యసన చట్టం తర్వాత పదో తరగతి దాకా తమిళం తప్పనిసరి అయింది. అందువల్ల పేరు రెండు లిపుల్లోనూ వేయాలి. తమిళ లిపిలో త-ద, ప-బ లాంటి జంటలకు ఒకే అక్షరం కనుక, రెంటిలోనూ చెడకుండా చదవగలిగే పేరు ఎంచుకోవాలి. 'మెట్టు' లాంటి పొట్టి పేరుకు ఆ చిక్కు లేదు. అక్షరాలను కంప్యూటర్‌లోని ఫాంటుతో కాక చార్టు కాగితం మీద చేత్తో రాయించాలి. ఫ్లెక్సులు వచ్చి పని పోగొట్టుకున్న గోడరాతల చిత్రకారులు రెండు ఊళ్ళలోనూ ఉన్నారు. ఆ పనికి వాళ్ళకు డబ్బు ఇచ్చే చేయించుకోవాలి. మొత్తం బడ్జెట్‌లో ఖర్చుపెట్టి తీరాల్సినవాటిలో ఇదొకటి.

తీయడం

రెండు నిమిషాల ట్రైలర్‌కు ముప్పై నుంచి నలభై షాట్లు చాలు. నలుగురు మనుషులు, ఒక పగలు, ఒక రాత్రి. ఫోన్‌లో మాన్యువల్ కెమెరా యాప్ పెట్టి సెకనుకు 24 ఫ్రేములు, షటర్ 1/48కి దగ్గరగా ఉంచాలి. వెలుగు, రంగు ఆటోమేటిక్‌గా మారకుండా లాక్ చేయాలి. 1950ల నాటి పోలిక కావాలంటే దాదాపు చతురస్రంగా ఉండే పాత ఫ్రేములోనే దృశ్యం కూర్చుకోవాలి. తర్వాత కోస్తే తలలు తెగుతాయి. కెమెరా స్టాండు మీద నిలబడే ఉండాలి. చేత్తో పట్టుకొని ఊపడం ఈ కాలపు అలవాటు. ఆ కాలంవాళ్ళ దగ్గర బరువైన కెమెరా ఉండేది, పట్టాలు వేయడానికి టైము ఉండేది కాదు.

మాయలన్నీ కెమెరాతోనే చేయాలి. మనిషి మాయం కావాలంటే కెమెరా స్టాండు కదలకుండా ఆపి, తక్కినవాళ్ళు ఉన్నచోటే బిగుసుకొని నిలబడగా, ఆ మనిషి పక్కకు తప్పుకున్నాక మళ్ళీ నడపాలి. జార్జి మెలియెస్ నుంచి విఠలాచార్య దాకా అందరూ వాడిన కిటుకు ఇదే. విస్తరిలో అన్నం తరిగేది కూడా ఇలాగే: ఒక్కో పిడికెడు తీసి ఒక్కో ఫ్రేము. వెనక్కి నడిచి తీసి, తిరగేసి ఆడిస్తే నడక తేడాగా ఉంటుంది, ఎందుకో చెప్పలేరు. రాత్రి దృశ్యం ఎండలోనే తీసి వెలుగు బాగా తగ్గించి నీలం కలపవచ్చు. ఆకాశం మాత్రం ఫ్రేములో పడకూడదు. ముఖానికి కింద నుంచి టార్చి, దాని ముందు రంగు జిలుగు కాగితం. సాంబ్రాణి పొగ బాగా పడుతుంది. గది కిటికీ తెరిచే ఉంచాలి, పిల్లలకు ఉబ్బసం ఉంటే ఆ షాట్ వదిలేయాలి. బావి గట్టు మీద నటన ఎవరిచేతా చేయించకూడదు. లోపలి నుంచి చూస్తున్నట్టుండే షాట్‌ను ఇంట్లో నీళ్ళ తొట్టి దగ్గర తీసుకోవచ్చు.

రక్తానికి బెల్లం పాకం, మొక్కజొన్న పిండి, ఎర్ర రంగు, కాస్త కాఫీ డికాషన్. నలుపు తెలుపులో తీస్తే ఎరుపు కూడా అక్కర్లేదు. 1968లో 'నైట్ ఆఫ్ ది లివింగ్ డెడ్'ను సుమారు లక్షా పద్నాలుగు వేల డాలర్లతో తీసిన జార్జి రొమేరో బృందం చాక్లెట్ పాకంతోనే సరిపెట్టుకుంది.

తిరుమల నాయక మహల్ ఎంత ఊరించినా అది రక్షిత కట్టడం, షూటింగ్‌కు అనుమతి, రుసుము ఉంటాయి. గుడి లోపల, రైల్వే స్టేషన్లలో కూడా అంతే. మొదటిసారి తీసేవాళ్ళు ఆ జోలికి పోకపోవడమే తెలివి. అరుగున్న పాత ఇల్లు, ధాన్యపు గది, మిద్దె మీదికి వెళ్ళే ఇరుకు మెట్లు చాలు. అద్దె అడిగేవాళ్ళు ఉండరు, మధ్యాహ్నం భోజనం కూడా అక్కడే.

శబ్దం

ఈ ప్రాంతానికి సొంతమైన భయపు వాద్యం ఒకటుంది: ఉరుమి. రెండు ముఖాల ఆ డోలు ఒక వైపు వంపు పుల్లతో రాస్తే పశువు మూలిగినట్టు మోగుతుంది. కంబళ నాయకర్ల దేవరాట్టం నృత్యంలో, ఊరి జాతరల్లో వినిపించే ఈ వాద్యానికి అనంతపురం వైపు ఉరుముల ఆటలోని వాద్యం దగ్గరి చుట్టం. సినిమాల్లో వయొలిన్లు, సింథసైజర్లు వాడిన చోట ఒక్క ఉరుమి రాపిడి పెడితే ట్రైలర్ ఎక్కడిదో వేరే చెప్పనక్కర్లేదు. వాయించేవారికి ముందుగా సంగతి చెప్పి, డబ్బు ఇచ్చి, పేరు వేసి రికార్డు చేయాలి. తక్కిన చప్పుళ్ళు ఇంట్లోవే: మేఘం ఉరమడానికి రేకు ఊపడం, ఎముక విరగడానికి బెండకాయ విరవడం, తలుపుకు పాత మంచం. మొత్తాన్నీ ఒకే చానల్‌లోకి మార్చి, 100 హెర్ట్జ్‌కు కింద, 8,000కు పైన కోసేస్తే పాత ఆప్టికల్ సౌండుకు దగ్గరవుతుంది. వీధి మైకు గొంతు కావాలంటే ఫోన్ స్పీకర్‌లో ఆడించి మరో ఫోన్‌లో పట్టుకోవడమే.

పాతబరచడం

ఎక్కువమంది చెడగొట్టేది ఇక్కడే. యాప్‌లో దొరికే గీతలన్నీ మొదటి సెకను నుంచి చివరి దాకా కురిపిస్తారు. నిజం రీలు అలా పాడవదు. 35 ఎం.ఎం. ఫిలిం నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది. రెండున్నర నిమిషాల ట్రైలర్ అంటే 225 అడుగులు. దాన్ని ప్రతి థియేటర్‌లోనూ అతికించి, విప్పి, మళ్ళీ అతికించేవారు కనుక మొదలూ చివరా ఎక్కువ దెబ్బతినేవి, మధ్య భాగం మెరుగ్గా ఉండేది. అతుకు దగ్గర ఒకటి రెండు ఫ్రేములు ఎగిరిపోయేవి, దాంతో మాట సగంలో తెగేది. ఆ తెగడాన్ని సరైన చోట పెడితే భయమూ నవ్వూ రెండూ వస్తాయి. తెర కుడి మూలన కనిపించే గుండ్రటి చుక్కలను కొందరు ట్రైలర్‌లోనూ వేస్తారు. అవి రీలు మార్చమని ఆపరేటర్‌కు చెప్పే గుర్తులు. పెద్ద రీలు చివరనే ఉంటాయి, ట్రైలర్‌కు ఉండవు.

రంగులోనూ అంతే. ఆనాటి ఈస్ట్‌మన్ కలర్ ప్రింట్లలో ముందు వెలిసిపోయేది నీలాకుపచ్చ పొర. అందుకే పాత ప్రింట్లు ఎర్రగా, గులాబీగా కనిపిస్తాయి. పసుపు రంగు పులిమితే అది పాతది కాదు, పెళ్ళి ఆల్బమ్ అవుతుంది.

చట్టం, ప్రదర్శన

పాత సినిమా ముక్కలను నేరుగా వాడడం కుదరదు. 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం సినిమా మీద హక్కు విడుదలైన తర్వాతి ఏడాది నుంచి 60 ఏళ్ళు ఉంటుంది. 1978 నాటి 'జగన్మోహిని' షాట్లు 2038 చివరి దాకా ఎవరూ అనుమతి లేకుండా వాడుకోలేరు. 1964కు ముందు సినిమాల గడువు తీరినా, వాటిలోని పాటలకు, సాహిత్యానికి హక్కులు వేరుగా ఉండవచ్చు. శైలి మీద మాత్రం ఎవరికీ హక్కు లేదు. నివాళికి అదే చాలు. మొదట్లో సెన్సార్ సర్టిఫికెట్ చూపిస్తే బాగుంటుందని అనిపిస్తుంది గాని, అసలు పత్రాన్ని నకలు చేయకూడదు. ఇంటి పెద్ద సంతకంతో "పిల్లలు లైటు వేసుకొని చూడవచ్చు" అని కల్పిత పత్రం పెట్టుకోవచ్చు.

చూపించడానికి మదురైలో 1998 నుంచి మరుపక్కం సంస్థ నడుపుతున్న అంతర్జాతీయ డాక్యుమెంటరీ, లఘు చిత్రోత్సవం ఉంది. దాని మనసు సామాజిక చిత్రాల వైపు ఎక్కువ కనుక పంపేముందు ఆలోచించుకోవాలి. కాలేజీ వేడుకలు ఇంకా సులువు. ఇలాంటి చిన్న మొదళ్ళు దూరం తీసుకెళ్ళగలవు: మదురైలోనే చదువుకున్న కార్తీక్ సుబ్బరాజ్ షార్ట్ ఫిలిమ్స్ తీసి, 'నాళైయ ఇయక్కునర్' టీవీ పోటీలో నిలబడి, 2012లో తక్కువ ఖర్చుతో 'పిజ్జా' అనే దయ్యం సినిమాతో దర్శకుడయ్యాడు.

వీటన్నిటికన్నా ముందు ఒక ప్రదర్శన ఇంట్లోనే జరగాలి. పాత దయ్యం సినిమాలను థియేటర్‌లో చూసిన పెద్దవాళ్ళను కూర్చోబెట్టి, ఏమీ చెప్పకుండా, లైటు తీసి ఆడించాలి. చూసి "ఈ సినిమా మేము చూసినట్టుండాదే, ఏ టాకీసులో?" అని వాళ్ళు అడిగితే పంపించవచ్చు. "గీతలు బాగా వేసినారు" అంటే ఎడిటింగ్ మళ్ళీ మొదటి నుంచి చేయాలి.